ఏడాది తిరగనీ అన్నాను

వెంకటసుబ్బయ్యా నేనూ 1958లో ఒకే రైలుపెట్టెలో ఢిల్లీ వచ్చాం. అతనిది చీరాల దగ్గర పల్లెటూరు, నాది బాపట్ల. పరిచయమైంది మాత్రం విజయవాడ దాటాక. అతని అరిసెల డబ్బా మూత బిగుసుకుపోతే నేను తీసిపెట్టాను, అతను నాకు నాలుగు అరిసెలు పెట్టాడు. ఇద్దరికీ ఒకే మంత్రిత్వ శాఖలో గుమాస్తా ఉద్యోగాలు. ఏ శాఖో చెప్పను. పింఛను పనుల మీద ఇప్పటికీ ఆ గుమ్మమే ఎక్కాలి నేను. చెప్పేంత ధైర్యమే ఉంటే ఇది రాయాల్సిన అవసరం ఉండేది కాదు.

సుబ్బయ్య గుంపులో నిలబడితే మళ్ళీ వెతుక్కోవాల్సిన మనిషి. ఒక్కటే జబ్బు, తప్పు కనబడితే చెయ్యి ఊరుకునేది కాదు. అండర్ సెక్రటరీ రాసిన నోట్‌లో కామా లేకపోతే పెన్సిలుతో పెట్టి పంపేవాడు. క్యాంటీన్ బోర్డు మీద నిన్నటి తేదీ ఉంటే తనే సుద్దముక్క అడిగి మార్చేవాడు. అధికారులు కొన్నాళ్ళు నవ్వారు, తర్వాత నవ్వడం మానేశారు. ఇన్ని తప్పులు దిద్దిన మనిషి నా తప్పు ఒక్కటీ ఎందుకు వదిలేశాడా అని చాలా ఏళ్ళు నేను ఆలోచించలేదు. ఆలోచించకుండా ఉండటం నాకు బాగా చేతనైన పని.

మా ఆఫీసులో ఫైలు ఒక బల్ల మీది నుంచి ఇంకో బల్ల మీదికి వెళితే, అందుకున్నవాడు రిజిస్టరులో పొట్టి సంతకం పెట్టాలి. అది పద్ధతి. వాడుక వేరే. పక్కవాడు బల్ల దగ్గర లేకపోతే వాడి పొట్టి సంతకం మనమే గీసేసి, ఫైలు వాడి బల్ల మీద పడేసేవాళ్ళం. సుబ్బయ్యకు ఇది మొదట్లో గిట్టేది కాదు. మా ఆవిడ అన్నపూర్ణేశ్వరి కాన్పు కష్టమై నెల్లాళ్ళు ఆస్పత్రిలో ఉన్నప్పుడు, మధ్యాహ్నాలు నేను అక్కడికి పరిగెడితే, నా సంతకాలు అతనే గీసి నన్ను కాపాడాడు. అప్పటి నుంచి నా సంతకం అతను, అతని సంతకం నేను గీసేవాళ్ళం. సుబ్బయ్య తన జీవితంలో ఒకే ఒక్క నియమం తప్పాడు, అదీ నా కోసమే.

1973 నవంబరులో ఒక కాంట్రాక్టరు మీద చర్య తీసుకోవాల్సిన ఫైలు నా బల్ల మీదికి వచ్చింది. చూశాను, సుబ్బయ్యకు పంపాల్సిందే. అతను భోజనానికి వెళ్ళాడు. రిజిస్టరులో అతని సంతకం నేనే గీశాను. అతను ఎస్ అక్షరానికి కిందికి పొడుగ్గా తోక లాగేవాడు. నేను తొందరలో పొట్టిగా తిప్పేశాను. ఫైలు అతని బల్ల మీద పెట్టి టీ తాగడానికి వెళ్ళాను. ఆ ఫైలు మళ్ళీ ఎవరికీ కనబడలేదు. ఎవరు పట్టుకుపోయారో ఈనాటికీ తెలియదు.

విచారణ పెట్టారు. రిజిస్టరులో సంతకం సుబ్బయ్యది కాబట్టి ఫైలు సుబ్బయ్య దగ్గరే పోయిందన్నారు. నన్ను సాక్షిగా పిలిచారు. ఫైలు చేతికిచ్చావా, అతను నీ ఎదుటే సంతకం పెట్టాడా అని అడిగారు. ఆ నెలే నా ప్రమోషను కాగితం పైకి వెళ్ళింది. ముందు రోజు సెక్షన్ ఆఫీసరు నన్ను పక్కకు పిలిచి, చేతికిచ్చానని రెండు ముక్కలు చెప్పి వచ్చెయ్యి, ఎక్కువ మాట్లాడకు అన్నాడు. నేను ఎక్కువ మాట్లాడలేదు. చేతికే ఇచ్చాను, నా ఎదుటే సంతకం పెట్టాడు అన్నాను.

సుబ్బయ్యను అడిగితే, ఫైలు అందుకున్నట్టు నాకు గుర్తు లేదు, సంతకం సంగతి చెప్పలేను అన్నాడు. నా వైపు చూడలేదు. రోజుకు యాభై చోట్ల సంతకం పెట్టేవాడికి అందులో ఒకటి తనదో కాదో ఏం గుర్తుంటుందని నన్ను నేను నమ్మించుకున్నాను. చేతిరాత నిపుణుడికి చూపించమని అడిగే హక్కు అతనికి ఉంది. అడగలేదు. అమాయకుడు, ఎస్ తోక గమనించలేదు అనుకున్నాను. 1975లో అతన్ని ఉద్యోగం నుంచి తీసేశారు. పింఛను హక్కు కూడా దానితోనే పోయింది. నాకు ప్రమోషను వచ్చింది.

సర్కారు క్వార్టరు ఖాళీ చెయ్యమంటే కటవారియా సరాయ్‌లో ఒక గేదెల కొట్టం పక్కన రెండు గదులు అద్దెకు తీసుకున్నాడు. పాత టైపు మిషను ఒకటి కొని ఐఐటీ కుర్రాళ్ళ థీసిస్‌లు టైపు చేసేవాడు. ఆ మిషనులో ఇంగ్లీషు చిన్న ఇ అక్షరం గీతకు కాస్త పైకి పడేది. ద్రవాల ప్రవాహం మీదా, ఉక్కు విరగడం మీదా వందల పేజీలు కొట్టాడు. ఒక్క ముక్క అర్థం కాకపోయినా, పదిహేడో పేజీలో ఉన్న అంకె నలభయ్యో పేజీలో మారిందని పట్టుకుని కుర్రాళ్ళను వెనక్కి పంపేవాడు. వాళ్ళు తిట్టుకుంటూ వెళ్ళి, సరిచేసుకుని, మిఠాయి పొట్లంతో తిరిగి వచ్చేవాళ్ళు. పోయిన ఉద్యోగం గురించి ఎవరితోనూ ఏడవలేదు. నాతో ఎప్పటిలా మాట్లాడేవాడు. నేనే ఆదివారాలు తగ్గించుకుంటూ వచ్చాను.

1976లో తీస్ హజారీ కోర్టులో కేసు వేశాడు, తనను తీసెయ్యడం చెల్లదని. వకీలు అనంతరామయ్యగారు కూడా మనవాడే, రేకుల షెడ్డు కింద ఒక బల్లా రెండు కుర్చీలూ. కేసు నడిచీ నడిచీ సర్కారు తరఫు సాక్ష్యం దగ్గరకు వచ్చింది. సర్కారు తరఫున ఉన్న సాక్షిని నేనొక్కణ్ణే.

ఈలోగా నన్ను మా ఆఫీసులోనే కోర్టు కేసుల సెక్షన్‌కు వేశారు. అంటే సుబ్బయ్య కేసు ఫైలు నా బల్ల మీదే. సాక్షే ఫైలు చూసుకోవడం ఏమిటని ఎవరికీ తోచలేదు. నాకు తోచింది, కానీ చెప్పలేదు. వాయిదా దగ్గర పడ్డప్పుడల్లా సాక్షి సెలవులో ఉన్నాడనీ, సాక్షి టూరు మీద వెళ్ళాడనీ సర్కారు వకీలుకు చీటీ పంపేవాణ్ణి. అలా నాలుగు వాయిదాలు దాటించాను. ప్రతి వాయిదాకూ సుబ్బయ్య రెండు బస్సులు మారి తీస్ హజారీ వెళ్ళి, గోడ పక్కన నిలబడి, తర్వాతి తేదీ చీటీ మీద రాసుకుని వచ్చేవాడట. మర్నాడు బస్‌స్టాపులో కనబడితే, నిన్న నువ్వు రాలేదేం శేషగిరీ, ఒంట్లో బాగుందా అని అడిగేవాడు. నేను బస్సు వస్తోందేమోనని రోడ్డు వైపు తిరిగేవాణ్ణి.

1981 జులైలో ఆఖరి వాయిదా. తర్వాతి తేదీ 1982 ఫిబ్రవరి పద్ధెనిమిది అని పడింది. ఈసారి సాక్షిని తప్పకుండా హాజరు పరచాలని జడ్జీ ఆర్డరులో రాశాడు. ఆ కాగితం నా బల్ల మీదికి వచ్చిన రోజు నాకు అన్నం సయించలేదు.

ఆగస్టు తొమ్మిదిన సుబ్బయ్య పోయాడు. పచ్చకామెర్లు, పదకొండు రోజులు. అతని భార్య రాజేశ్వరమ్మ, ఇరవై ఏళ్ళ కూతురు భానుమతి మిగిలారు. ఆదివారం మధ్యాహ్నం కటవారియా సరాయ్ గదిలో అతని తల దగ్గర కూర్చుని నేను ఏడ్చాను. నిజంగానే ఏడ్చాను, అందులో అబద్ధం లేదు. కానీ ఏడుస్తున్నప్పుడే లోపల ఒక మూల, ఇక ఫిబ్రవరి పద్ధెనిమిది లేదు అన్న మాట మెదిలింది. ఇంతకంటే సిగ్గుపడే సంగతి నా బతుకులో ఇంకొకటి ఉందనుకున్నాను కానీ, లేదు. మిగతావన్నీ దీని తర్వాతే వస్తాయి.

కేసు వేసినవాడు పోతే కేసు వెంటనే పోదు. ఉద్యోగంలోకి తిరిగి రావడానికి మనిషి లేకపోయినా, రావలసిన జీతం, పింఛను, మీద పడ్డ మచ్చ తుడిచెయ్యడం, ఇవి వారసులు అడగవచ్చు. అయితే తొంభై రోజుల్లోపల మేము వారసులం, మా పేర్లు ఎక్కించండి అని కోర్టుకు దరఖాస్తు పెట్టుకోవాలి. పెట్టకపోతే ఎవరూ కొట్టెయ్యకుండానే కేసు దానంతట అదే రద్దయిపోతుంది. ఆ తర్వాత ఇంకో అరవై రోజులు గడువుంటుంది, రద్దయినదాన్ని మళ్ళీ నిలబెట్టమని అడగడానికి. అదీ దాటితే ఆలస్యానికి గట్టి కారణం చూపాలి. ఇదంతా నాకు కంఠతా వచ్చు. అదే నా ఉద్యోగం. మనిషి పోయిన కేసులు మా సెక్షన్‌లో వేరే కట్టగా పెట్టి, తొంభయ్యో రోజు తేదీ ఎర్ర పెన్సిలుతో రాసేవాళ్ళం. సుబ్బయ్య కట్ట మీద నవంబరు ఏడు అని నేనే రాశాను.

పదమూడో రోజు భోజనాలయ్యాక రాజేశ్వరమ్మ తలుపు పక్కన కూర్చుని నన్ను అడిగింది.

"అన్నయ్యగారూ, ఆయన కేసుకు నేనేమన్నా చెయ్యాలంటారా? లాయరుగారి దగ్గరకు వెళ్ళమంటారా?"

మా అన్నపూర్ణేశ్వరి పక్కనే ఉంది. దానికి చట్టం తెలియదు. "ఇప్పుడు నువ్వు గడప దాటడమేమిటి వదినా, ఏడు తిరగందే" అంది.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. ఊళ్ళో అయితే అవసరాన్ని బట్టి సడలించేవాళ్ళే. పొలం కాగితాల మీద వేలిముద్ర వెయ్యడానికి మూడో వారమే తాలూకా ఆఫీసుకు వెళ్ళిన ఆడవాళ్ళను నేను చూశాను. ఢిల్లీ తెలుగువాళ్ళం మాత్రం ఊరికి దూరమైపోయామన్న భయంతో, ఊళ్ళో లేని నిష్ఠలు కూడా పాటించేవాళ్ళం. పెద్దలు దగ్గర లేరు కాబట్టి పెద్దరికం ఎవరు నెత్తిన వేసుకుంటే వాళ్ళ మాటే శాసనం. రాజేశ్వరమ్మకు ఢిల్లీలో పెద్దవాణ్ణి నేనే. ఆవిడ మా ఆవిడ మాట విని ఊరుకోలేదు, నా మొహం వంక చూసింది.

ఒక్క ముక్క చెబితే సరిపోయేది. నువ్వు వెళ్ళక్కర్లేదమ్మా, భానుమతిని లాయరు దగ్గరకు పంపు, తొంభై రోజుల్లో కాగితం పెట్టాలి అంటే చాలు.

"ఏడాది తిరగనీ అమ్మా" అన్నాను. "కేసు ఎక్కడికి పోతుంది."

ఆవిడ తల ఊపింది. నన్ను నమ్మింది.

నవంబరు ఏడు శనివారం. ఆ రోజు నేను సెలవు పెట్టి ఇంట్లోనే కూర్చున్నాను, జ్వరమని. డిసెంబరులో మాసికానికి వెళితే ఆవిడ మళ్ళీ అడిగింది. పుట్టినప్పటి నుంచీ ఢిల్లీలోనే పెరిగిన భానుమతి కూడా అక్కడే ఉంది. "అంకుల్, నేను జాకే వకీల్ సాబ్‌ను కలవనా? అమ్మ వద్దంటోంది" అంది. అప్పటికి అరవై రోజుల గడువులో ఇంకా నాలుగు వారాలు మిగిలే ఉంది. తప్పు దొరికిన కాగితం ముందు సుబ్బయ్య కూర్చున్నట్టే ఉంది నా పరిస్థితి. పెన్సిలు తీస్తే చాలు.

"నేను కనుక్కుంటాలే అమ్మా" అన్నాను. కనుక్కోలేదు. కనుక్కోవడానికి ఏమీ లేదు కూడా.

ఆ గడువు జనవరి ఆరుతో దాటింది. పదకొండున ఆఫీసులో సర్కారు వకీలుకు ఉత్తరం రాశాను. వాది 9-8-81న మరణించినట్టు తెలియవచ్చిందనీ, వారసులెవరూ గడువులోగా రాలేదనీ, కేసు రద్దయినట్టు నమోదు చేయించవలసిందనీ. మంచి ఉత్తరం. సుబ్బయ్య చూసినా ఒక్క కామా దిద్దడానికి ఉండేది కాదు.

ఫిబ్రవరి పద్ధెనిమిదిన కోర్టులో ఆ మాట చదివేసరికి అనంతరామయ్యగారు తెల్లబోయాడట. సుబ్బయ్య వాయిదాలకు తనే వచ్చేవాడు కాబట్టి, మధ్యలో వకీలుకు కబురూ కాకరకాయా ఏమీ లేదు. మనిషి పోయినట్టు ఆయనకు ఆ రోజే తెలిసింది. సాయంత్రం కటవారియా సరాయ్‌కు మనిషిని పంపాడు. మర్నాడు భానుమతి ఆయన బల్ల ముందు కూర్చుని అంతా చెప్పింది.

ఆ తర్వాతి ఆదివారం ఉదయం ఆ పిల్ల ఆర్.కె. పురంలో మా క్వార్టరుకు వచ్చింది. చేతిలో టైపు చేసిన కాగితం. దూరం నుంచే గుర్తుపట్టాను, చిన్న ఇ అక్షరాలు గీతకు పైకి ఉన్నాయి. తండ్రి మిషను మీద తనే కొట్టుకొచ్చింది.

"అంకుల్, ఆలస్యానికి సాలిడ్ రీజన్ కావాలట. అమ్మకు తెలియదు అంటే కోర్టు నహీ మానేగా అన్నారు వకీల్ సాబ్. కానీ సర్కారు కోర్టు సెక్షన్‌లో ఉన్న మనిషే ఆగమన్నాడు, ఆ మాట నమ్మి ఆగారు అని ఆయనే అఫిడవిట్ ఇస్తే ఏ జడ్జీ అయినా ఒప్పుకుంటాడట. మీరు సైన్ చేస్తే చాలు. బస్ ఇత్నా హీ."

ఆ పిల్ల మొహంలో అనుమానమన్నది లేదు. నేను మరిచిపోయి అలా చెప్పాననే అనుకుంటోంది. కాగితం చదివాను. సత్యమే రాసి ఉంది, నాలుగు పేరాలు. సంతకం పెడితే మర్నాడే మా ఆఫీసులో నా మీద విచారణ మొదలవుతుంది. కోర్టు సెక్షన్‌లో కూర్చుని ఎదుటి పక్షానికి సలహా ఇచ్చావా అంటారు. ఇంకా లోతుకు వెళితే రిజిస్టరు దాకా వెళ్ళవచ్చు. నాకు రిటైర్మెంటు ఆరేళ్ళు ఉంది.

"రెండ్రోజులు ఉంచు అమ్మా, భాష కొంచెం చూడాలి" అన్నాను.

"ఠీక్ హై అంకుల్" అని వెళ్ళిపోయింది. మా ఆవిడ పెట్టిన ఉప్మా కూడా తినలేదు, మధ్యాహ్నానికి ఎవరిదో థీసిస్ ఇవ్వాలంది.

రెండ్రోజులు పది రోజులయ్యాయి. భానుమతి రెండుసార్లు ఆఫీసుకు ఫోను చేస్తే సీట్లో లేనని చెప్పించాను. పదకొండో రోజు ఉదయం మా తలుపు తట్టింది రాజేశ్వరమ్మ. ఆర్నెల్లు దాటినా ఏడు తిరగలేదు. మొదటిసారి గడప దాటి, బస్సెక్కి వచ్చింది. మా అన్నపూర్ణేశ్వరి గుమ్మంలోనే గతుక్కుమంది. శకునమని ఏదో అనబోతే నేను కసిరాను. అలాంటి చోట్ల నాకు ధైర్యం బాగానే వస్తుంది.

"ఆ కాగితం ఇలా ఇవ్వండి అన్నయ్యగారూ" అంది. నిలబడే అంది. "పిల్ల తెలియక తెచ్చింది. ఆయన మీ పేరు ఎక్కడా పెట్టలేదు. నేను పెడితే బాగుండదు."

నేను బీరువాలోంచి తీసి ఇచ్చాను. ఆవిడ మడిచి చీర కొంగున కట్టుకుంది. "నాకు తెలియక ఆగిపోయానని నేనే రాసిస్తాను. అదీ నిజమేగా" అంది. ఆమెను బస్‌స్టాపు దాకా దిగబెట్టాను. దారిలో మా పిల్లల చదువుల గురించి అడిగింది. నాకు ఎంత తేలికగా అనిపించిందంటే, తిరిగొచ్చి మా ఆవిణ్ణి ఇంకో కప్పు కాఫీ అడిగాను.

మార్చిలో ఆవిడ దరఖాస్తు నకలు మా ఆఫీసుకు వచ్చింది. దానికి సర్కారు తరఫున జవాబు తయారు చెయ్యాల్సింది నేనే. అఫిడవిట్‌లో ఆవిడ తెలుగులో సంతకం చేసింది, అక్షరాలు విడివిడిగా, జాగ్రత్తగా. నేను పెద్దగా చదువుకోని దాన్ని, నాకు ఎవరూ ఏ సలహా ఇవ్వలేదు, భర్త పోయిన దుఃఖంలో గడువు సంగతి తెలుసుకోలేదు అని ఉంది. నేను ఆ పూట జవాబు రాశాను. చట్టం తెలియకపోవడం గట్టి కారణం కాదనీ, వారసురాలి నిర్లక్ష్యానికి సర్కారు బాధ్యత వహించనక్కర్లేదనీ, దరఖాస్తు కొట్టెయ్యాలనీ రాశాను. రాయకపోతే అనుమానం వస్తుందని నాకు నేను చెప్పుకున్నాను. నిర్లక్ష్యం అన్న మాట మాత్రం ఎవరూ నా చేత రాయించలేదు. అది అలవాటు మీద పడిపోయింది.

ఏప్రిల్‌లో విచారణకు వచ్చింది. ఫైలు పట్టుకుని సర్కారు వకీలు వెనకాల నిలబడ్డాను. ఎదురుగా అనంతరామయ్యగారు, ఆయన పక్కన తెల్లచీరలో రాజేశ్వరమ్మ, భానుమతి. జడ్జీ మంచివాడే. నడివయసు మనిషి, కాగితాలు చదివి ఊరుకోకుండా కళ్ళజోడు తీసి ఆవిడ వంక చూశాడు. మీరెందుకు ఆగారు, ఎవరైనా ఆగమన్నారా అని హిందీలో అడిగాడు. అడిగిన తీరులోనే తెలిసిపోయింది, అవును అంటే వదిలెయ్యడానికి సిద్ధంగా ఉన్నాడు. అనంతరామయ్యగారు కూడా ఆవిడ వైపు ఆశగా తిరిగాడు.

రాజేశ్వరమ్మ వెంటనే జవాబు చెప్పలేదు. కాసేపు అలాగే నిలబడింది. హిందీ అర్థం కాలేదేమోనని జడ్జీ మళ్ళీ అడిగాడు.

"కోయీ నహీ సాబ్" అంది. ఎవరూ లేరు.

భానుమతి తల్లి చెయ్యి పట్టుకుని లాగింది. "అమ్మా, బోలోనా" అంది, చెప్పమంటూ, అందరికీ వినబడేలాగే. ఆవిడ చెయ్యి విడిపించుకుంది. జడ్జీ మా వైపు తిరిగి, వాది మరణం సంగతి మీ శాఖకు ఎప్పుడు తెలిసింది అని అడిగాడు. సర్కారు వకీలు నా మొహం చూశాడు. నేను ఫైలు తెరిచి జనవరి పదకొండు ఉత్తరం చూపించాను. జనవరిలో తెలిసింది అని ఆయన చెప్పాడు. ఆగస్టు తొమ్మిదిన శవం తల దగ్గర కూర్చున్నవాడు ఆయనకు మూరెడు దూరంలో ఉన్నాడు.

దరఖాస్తు కొట్టేశారు. కేసు రద్దయింది. సుబ్బయ్య ఫైలు పోగొట్టినవాడిగానే మిగిలిపోయాడు. మేము కట్టకు తాడు కట్టి పాత కాగితాల గదికి పంపాం.

జులై ఆఖరులో సంవత్సరీకానికి పిలుపు వచ్చింది. భానుమతి రాలేదు, పోస్టుకార్డు వచ్చింది, రాజేశ్వరమ్మ చేతిరాత. వెళ్ళకుండా ఉండటానికి చాలా కారణాలు వెతికాను. అన్నపూర్ణేశ్వరికి నడుంనొప్పి, అది రాలేనంది. నేను వెళ్ళకపోతే నలుగురూ ఏమనుకుంటారని వెళ్ళాను. ఇన్ని చేసినవాడికి నలుగురి భయం ఒకటి.

కటవారియా సరాయ్ గది అలాగే ఉంది. టైపు మిషను మీద గుడ్డ కప్పి, దాని పక్కన అతని ఫొటో పెట్టారు. భానుమతి నన్ను చూసి నమస్కారం పెట్టి వరండాలోకి వెళ్ళి కూర్చుంది. స్టెనో పరీక్ష రాస్తోందని ఎవరో చెప్పారు. తద్దినం అయ్యాక వచ్చినవాళ్ళు తిని వెళ్ళారు. ఏవో మాటల్లో పడి నేను ఆఖరి బంతిలో మిగిలాను. ఆఖరి బంతంటే నేనొక్కణ్ణే. రాజేశ్వరమ్మ వడ్డించింది. అరిటికాయ కూర, గారెలు, అతనికి ఇష్టమని అల్లప్పచ్చడి.

పప్పు వేస్తూ ఆవిడ మామూలుగానే అంది.

"ఆ రిజిస్టరులో సంతకం మీరు గీసిందేనని ఆయనకు మొదటి రోజే తెలుసు అన్నయ్యగారూ. ఎస్ తోక చూడగానే ఇది శేషగిరిది అనుకున్నారట."

నేను గారె తుంచుకున్నాను.

"విచారణలో ఎందుకు చెప్పలేదని నేను చాలా గొడవ పెట్టుకున్నాను. నేను చెబితే వాడి ఉద్యోగం పోతుంది, వాడంతట వాడు చెబితే మహా అయితే ఇద్దరికీ ఓ మాట పడుతుంది, ఉద్యోగాలు నిలుస్తాయి అనేవారు. ఆఫీసులో భయపడ్డాడు గానీ, కోర్టులో ప్రమాణం చేసి నిలబడితే శేషగిరి అబద్ధం చెప్పలేడు, నాకు తెలుసు వాడు అనేవారు. ఆ ఒక్క వాయిదా కోసమే కేసు వేశారు. మీరు రానప్పుడల్లా ఇంటికొచ్చి, ఈసారి వస్తాడులే అని తేదీ గోడ మీద రాసేవారు."

నేను గోడ వైపు చూడలేదు. చూస్తే ఫిబ్రవరి పద్ధెనిమిది ఉంటుందని తెలుసు.

"అందుకే మీ పేరు నేను పెట్టలేదు. ఆయన పెట్టనిది నేనెలా పెడతాను. జడ్జీగారు అడిగినప్పుడు మీరు అక్కడే ఉన్నారుగా. ఆయన అన్నట్టు మీరే చెబుతారేమోనని కాసేపు ఆగాను."

ఆవిడ నా మొహం వైపు కూడా చూడటం లేదు. గిన్నెలో ఎంత మిగిలిందో చూసుకుంటోంది.

"చారు పొయ్యమంటారా, మజ్జిగలోకి వస్తారా?" అని అడిగింది.

"మజ్జిగే అమ్మా" అన్నాను.

ఆవిడ పోసింది. నేను కలుపుకుని తినేశాను.